కర్త ఎవరు, కర్మ ఎవరు? ఫలదీకరణం అనే కథ

మన భాషలో వీర్యం అంటే పరాక్రమం. వీరుడి గుణం వీర్యం. "చట్టాన్ని నిర్వీర్యం చేశారు" అని పత్రికలు రాస్తాయి, స్త్రీవాదులం మనమూ ఏ జంకూ లేకుండా రాస్తాం. అండం అంటే మాత్రం ఉత్త గుడ్డు. బ్రహ్మాండం అన్న మాటలో అండం ఉంది కదా అనొచ్చు. ఉంది, కానీ అది కూడా బ్రహ్మదే. ఇక ఈ రెండూ కలవడానికి మన శాస్త్ర గ్రంథాలు ఎంచుకున్న మాట ఫలదీకరణం, అంటే ఫలవంతం చేయడం. చేసేది ఒకరు, చేయించుకునేది ఇంకొకరు అన్న సంగతి పాఠం మొదలవకముందే, ఆ పేరులోనే తేలిపోయింది.

జీవశాస్త్ర పాఠం మీద సాహిత్య విమర్శ ఏమిటని కొందరికి అనిపించవచ్చు. అందులోని వాక్యాలను వాక్యాలుగా చదవాల్సిన అవసరం ఉందని నా అభిప్రాయం. కథనూ కవితనూ అన్ని కోణాల నుంచీ విప్పి చూసిన మనం, పదో తరగతి దాకా చదివిన ప్రతి ఆడపిల్లా తన శరీరం గురించి బట్టీ పట్టిన ఆ నాలుగు పేరాలను ఎందుకో వదిలేశాం. అది "సైన్సు" కాబట్టి అందులో కథ లేదనుకున్నాం.

కథ ఉంది. శుక్రకణం ఈదుతుంది, ప్రయాణిస్తుంది, పోటీపడుతుంది, పొరలను ఛేదిస్తుంది, చొచ్చుకుపోతుంది. అండం విడుదలవుతుంది, చేరవేయబడుతుంది, ఎదురుచూస్తుంది, ఫలదీకరణం చెందుతుంది. మొదటి వరుసలో కర్తరి, రెండో వరుసలో కర్మణి. స్వయంవరంలో మత్స్యయంత్రం కొట్టిన వాడి కథకూ దీనికీ నిర్మాణంలో తేడా తక్కువ. కోట్లాది మందిలో ఒక్కడు గెలుస్తాడు, పూలదండ పట్టుకుని ఆవిడ నిలబడి ఉంటుంది.

విచిత్రం ఏమిటంటే తెలుగు వ్యాకరణం ఈ కథకు సహకరించదు. శుక్రకణమూ అమహత్తే, అండమూ అమహత్తే. "ఆమె వచ్చింది", "ఆవు వచ్చింది", "శుక్రకణం వచ్చింది" అన్నిటికీ క్రియ ఒకటే. స్త్రీని పశుపక్ష్యాదులతో, రాయీరప్పతో ఒకే గాటన కట్టిందని మన వ్యాకరణాన్ని మనం చాలాసార్లు నిలదీశాం. ఇక్కడ ఆ వ్యాకరణమే వీరుడి మీసం తీసేసింది. అయినా కథ ఆగలేదు. నేను ఎం.ఏ. విద్యార్థులను ఈ పాఠాన్ని పుస్తకం చూడకుండా సొంత మాటల్లో చెప్పమన్నప్పుడు, రెండో వాక్యానికల్లా శుక్రకణం "వాడు" అయిపోతుంది. "వాడు ముందుకెళ్ళి, తలతో గుద్ది..." అని చెప్పుకుపోతారు. చెప్పేది అమ్మాయిలే.

పల్లె తెలుగు అలా లేదు. గేదె ఎదకు వస్తుంది. గేదె చూడి కడుతుంది. కోడి పొదుగుతుంది. ఆడమనిషి నెల తప్పుతుంది, నీళ్ళోసుకుంటుంది. ఈ వాక్యాలన్నిటిలోనూ కర్త ఆడదే. "కడుపు చేశాడు" అన్న వాక్యం లేకపోలేదు గానీ అది నేరారోపణలో వాడే వాక్యం. పంచాయతీలో, పోలీస్ స్టేషన్లో వినిపిస్తుంది. చూడి కట్టించడం అనే ప్రేరణార్థకం కూడా ఉంది. అక్కడ కర్త ఆంబోతు కాదు, పశువు యజమాని. దీని దగ్గరికి మళ్ళీ వస్తాను. పల్లె భాషను నెత్తికెత్తుకోవాలని కాదు నా ఉద్దేశం. "గొడ్రాలు" అన్న మాటను ఇచ్చిందీ ఆ భాషే. అంతే బరువుతో ఒక మగవాణ్ణి పెళ్ళి పందిట్లోంచి పక్కకు నెట్టే మాట ఒక్కటైనా దానిలో లేదు.

క్షేత్రం, బీజం అన్న జంట మనకు బాగా తెలిసిందే. మనుస్మృతి తొమ్మిదో అధ్యాయం స్త్రీని పొలమనీ పురుషుణ్ణి విత్తనమనీ చెప్పి, రెండిట్లో విత్తనమే గొప్పదని తేలుస్తుంది. మానవశాస్త్రవేత్త లీలా దూబే 1980లలో ఈ ప్రతీకను తీసుకుని, పిల్లల మీదా ఆస్తి మీదా పురుషుడి హక్కుకు ఇది ఎలా పునాది అయిందో వివరంగా చూపించారు. ఆమె వాదనకు వృక్షశాస్త్రం నుంచి చిన్న చేర్పు. విత్తనం అనేది కలయికకు ముందుది కాదు, తర్వాతది. పుప్పొడి వచ్చి అండాన్ని కలిశాక, పిండం ఏర్పడ్డాక, దాని చుట్టూ తల్లి మొక్క పొరలు కట్టి ఇచ్చేదే విత్తనం. మగవాడికి సరిపోయే పోలిక కావాలంటే పుప్పొడి ఉంది. ఆ పోలికలో పరాక్రమం తక్కువ. గాలికి ఎగురుతుంది, తేనెటీగ కాలికి అంటుకుంటుంది. వ్యవసాయం చేసే సమాజానికి ఇది తెలియక కాదు. తల్లి చేసిన పనిని తండ్రి ఖాతాలో రాయడానికి విత్తనం అనుకూలంగా ఉంది, అందుకే ఆ పోలిక నిలిచింది.

అదే అధ్యాయం కాస్త ముందుకెళ్ళి మరో మాట చెబుతుంది. ఆవులు, గుర్రాలు, ఒంటెలు, దాసీలు, గేదెల విషయంలో పుట్టిన పిల్ల బీజం వేసిన దాని యజమానిది కాదు, క్షేత్రం ఎవరిదో వాళ్ళది అని. ఆ జాబితాలో దాసీ ఎక్కడుందో చూడండి. విత్తనం గొప్పదన్న సిద్ధాంతం అక్కడికక్కడే చల్లబడిపోయింది. ఎందుకంటే అసలు ప్రశ్న విత్తనం గురించీ కాదు, పొలం గురించీ కాదు, ఆస్తి గురించి. ప్రకృతిని ఎలా వర్ణించాలన్నది ఎవరికి ఏం దక్కాలన్న దాన్ని బట్టి మారిపోతుంది.

ఇదొక్కటే మన సంప్రదాయం అనుకోవడమూ సరికాదు. చరకసంహిత శారీరస్థానం గర్భంలో తల్లి నుంచి వచ్చేవీ తండ్రి నుంచి వచ్చేవీ విడివిడిగా లెక్కపెడుతుంది. చర్మం, రక్తం, మాంసం, హృదయం తల్లివి. వెంట్రుకలు, గోళ్ళు, పళ్ళు, ఎముకలు తండ్రివి. శాస్త్రంగా ఇది నిలవదు. కానీ వైద్యం చేసేవాడు ఇద్దరినీ లెక్కలోకి తీసుకున్నాడు, ధర్మశాస్త్రం రాసేవాడు ఒకరినే తీసుకున్నాడు. అరిస్టాటిల్ మన ధర్మశాస్త్రం వైపే. మగది రూపాన్నీ చలనాన్నీ ఇస్తుంది, ఆడది పదార్థాన్ని ఇస్తుందన్నాడు. కలపకు వడ్రంగి ఎలాగో, పాలు గడ్డకట్టడానికి వేసే ద్రవ్యం ఎలాగో, మగబీజం అలాగన్నాడు.

1677లో లీవెన్‌హుక్ సూక్ష్మదర్శినిలో కదిలే శుక్రకణాలను చూశాడు. 1694లో హార్ట్‌సోకర్ ఒక శుక్రకణం తలలో మోకాళ్ళు ముడుచుకుని కూర్చున్న చిన్న మనిషిని, ఇలా ఉండవచ్చునని, బొమ్మ గీశాడు. దీనికి ఎదురుగా మరో వర్గం మనుషులంతా ముందే అండంలో ఇమిడి ఉన్నారని వాదించింది. వాళ్ళు స్త్రీ పక్షపాతులేమీ కారు. స్పాలంజానీ అనే ఇటాలియన్ మతగురువు మగ కప్పలకు లాగులు కుట్టి తొడిగాడు. ఆ జంటల గుడ్లు పొదగలేదు. లాగులో చిక్కిన ద్రవాన్ని రాస్తే పొదిగాయి. చేతిలో ఇంత రుజువున్నా శుక్రకణాలకు ఇందులో పాత్ర ఉందని ఆయన ఒప్పుకోలేకపోయాడు, ఎందుకంటే ఆయన నమ్మిన కథ అండానిది. అంటే కథలు మగవైపే కళ్ళు మూస్తాయని లేదు. క్షీరదాల అండాన్ని ఫాన్ బేర్ 1827లో గానీ కళ్ళతో చూడలేదు. రెండు కేంద్రకాలు కలవడాన్ని ఆస్కార్ హెర్ట్‌విగ్ సీ అర్చిన్లలో చూసి 1876లో ప్రకటించాడు.

సీ అర్చిన్ అంటే ఒళ్ళంతా ముళ్ళున్న బంతిలాంటి సముద్ర జీవి. దీని అండాలు, శుక్రకణాలు నీళ్ళలోనే కలుస్తాయి కాబట్టి గాజు పలక మీద మొత్తం చూడవచ్చు. ఫలదీకరణం గురించి మనకు తెలిసిన దాంట్లో చాలా భాగం దీని పుణ్యమే. పాఠ్యపుస్తకం కథకు భిన్నంగా అక్కడ జరిగేది చూడండి. అండం చుట్టూ ఉన్న జిగురు నుంచి చిన్న ప్రోటీన్ ముక్కలు నీళ్ళలోకి వెలువడతాయి. ఆ జాతి శుక్రకణాలు వాటిని పసిగట్టి దిశ మార్చుకుంటాయి. పక్క జాతివి పట్టించుకోవు. జిగురును తాకాక శుక్రకణం తల కొస పగిలి, అండం పైపొరకు అతుక్కునే ప్రోటీన్ బయటపడుతుంది. అండం పొర మీద దానికి సరిపోయే గ్రాహకం ఉంటేనే అతుకుతుంది. ఇక అతుక్కున్నాక ఎక్కువ పని అండానిదే. క్షణాల్లో దాని పొర విద్యుదావేశం తారుమారై, రెండో శుక్రకణానికి చోటుండదు. శుక్రకణం తాకిన చోట నుంచి కాల్షియం అలలాగా ఆ కొస దాకా పాకుతుంది. పొర కిందున్న వేలాది చిన్న సంచులు పగులుతాయి. నిమిషం తిరిగేసరికి అండం చుట్టూ కొత్త తొడుగు లేస్తుంది. అండం పైపొర ముందుకు ఉబికి శుక్రకణాన్ని లోపలికి పొదువుకుంటుంది. చొచ్చుకుపోవడం అన్న క్రియ ఈ మొత్తంలో ఎక్కడ అతుకుతుందో నాకు దొరకలేదు.

ఈ అండం ఉపరితలాన్ని జీవితమంతా చూస్తూ కూర్చున్న మనిషి ఎర్నెస్ట్ ఎవరెట్ జస్ట్. 1883లో అమెరికా దక్షిణాది చార్ల్‌స్టన్‌లో పుట్టిన నల్లజాతి శాస్త్రవేత్త. వుడ్స్ హోల్ సముద్ర ప్రయోగశాలలో ఎన్నో వేసవులు గడిపాడు. తొడుగు పైకి లేవకముందే, కంటికి కనిపించని ఒక మార్పు అల లాగా అండమంతా పాకి ఇతర శుక్రకణాలను ఆపేస్తుందని 1919లోనే రాశాడు. సోడియం, కాల్షియం లెక్కలు వచ్చింది ఆ తర్వాత ఎన్నో దశాబ్దాలకు. కణం ఉపరితలం ఉత్త గోడ కాదు, లోపలికీ బయటికీ నడుమ స్పందించే జీవపదార్థం అని వాదిస్తూ 1939లో పుస్తకం తెచ్చాడు. అప్పటి పెద్దల చూపంతా కేంద్రకం మీద, జన్యువుల మీద ఉంది. కేంద్రకం యజమాని, చుట్టూ ఉన్న పదార్థం పనివాళ్ళు అన్న చిత్రం అది. పెద్ద పరిశోధనా విశ్వవిద్యాలయాల్లో రంగు కారణంగా ఆయనకు చోటు దొరకలేదు. యూరప్ వెళ్ళిపోయాడు, 1940లో ఫ్రాన్స్‌లో జర్మన్ల నిర్బంధంలో పడ్డాడు, తిరిగొచ్చి 1941లో చనిపోయాడు.

అంచున ఉన్నవాడు కాబట్టే కణం అంచును చూడగలిగాడని చెప్పాలని నాకూ ఆశగానే ఉంది. దళిత స్త్రీవాదం మనకు నేర్పిన చూపు అది. కానీ ఆయన చేసింది ఓపికగా చూడడం. అండాన్ని మొరటుగా పట్టుకుంటే ప్రయోగం చెడుతుందని విద్యార్థులకు నేర్పడం. దాన్ని ఆయన జీవితానికి ప్రతీకగా మార్చేస్తే ఆయన పనిని తగ్గించినట్టవుతుంది. 1988లో స్కాట్ గిల్బర్ట్, ఆయన విద్యార్థులు కణజీవశాస్త్రానికి స్త్రీవాద విమర్శ ఎందుకు అవసరమో రాసినప్పుడు జస్ట్‌ను గుర్తు చేశారు. మనవైపు ఆ పేరు విన్నవాళ్ళు తక్కువ.

1991లో మానవశాస్త్రవేత్త ఎమిలీ మార్టిన్ రాసిన వ్యాసం మాత్రం చాలామందికి తెలుసు. వైద్య పాఠ్యపుస్తకాలను ఆమె ప్రేమకథలుగా చదివింది. నాకు ఆ వ్యాసంలో అన్నిటికంటే విలువైన చోటు రెండో సగం. శుక్రకణం తల ముందుకు నెట్టే బలం చాలా స్వల్పమనీ, పక్కలకు కొట్టుకునే బలమే దానికి ఎన్నో రెట్లు ఎక్కువనీ, అంటే అది తప్పించుకునే తీరుకే తగ్గట్టు ఉందనీ, దాన్ని పట్టి నిలిపేది అండం చుట్టూ ఉన్న పొరేననీ ఒక పరిశోధన బృందం కనిపెట్టింది. ఆ తర్వాత కూడా వాళ్ళు తమ వ్యాసాల్లో శుక్రకణం దాడి చేస్తుందనే రాశారు. ఫలితం మారింది, క్రియ మారలేదు. ఇంకోచోట అండానికి చురుకుదనం ఇవ్వక తప్పనప్పుడు అది వల పన్నిన సాలెపురుగు అయింది. ఊరకుంటే పతివ్రత, కదిలితే మాయలాడి. ఈ రెండు పాత్రలూ మన నవలల్లో చూసినవే.

ఆ తర్వాత వచ్చిన పరిశోధన ఏం చేసిందో చూద్దాం. క్షీరదాల్లో శుక్రకణం శరీరంలోకి వచ్చిన వెంటనే అండాన్ని కలవలేదు. ఆడ శరీరంలో కొన్ని గంటలు గడిపి, అక్కడి ద్రవాల్లో దాని పైపొర మారాకే ఆ శక్తి వస్తుంది. చాంగ్, ఆస్టిన్ వేర్వేరుగా 1951లో కనిపెట్టారు. మనిషిలో బయల్దేరిన కోట్ల శుక్రకణాల్లో అండం దగ్గరికి చేరేవి కొన్ని వందలు. వాటిని చేర్చడంలో గర్భాశయ కండరాల కదలిక పాత్ర పెద్దది. అండం సంగతికొస్తే, అది అప్పటికి తన చివరి విభజన పూర్తి చేసి ఉండదు, మధ్యలో ఆగి ఉంటుంది. శుక్రకణం కలిశాకే ఆ విభజన ముగుస్తుంది. శుక్రకణం కూడా చిన్నదేమీ ఇవ్వదు. సగం జన్యువులు, అండాన్ని మేల్కొలిపే ఒక ప్రోటీన్, మనిషిలో అయితే తొలి విభజనకు కావలసిన సెంట్రియోల్ దానివే. కానీ మొదటి రెండు మూడు విభజనలు దాదాపు పూర్తిగా తల్లి అండంలో ముందే సిద్ధంచేసి పెట్టిన ఆర్.ఎన్.ఏ., ప్రోటీన్ల మీదే నడుస్తాయి. పొద్దున్న వంట కోసం రాత్రే పప్పు నానబోసి పెట్టినట్టు. ఇంటిపని లాగే ఇది కూడా కథలోకి రాదు.

శుక్రకణం మీద అండాన్ని గుర్తించే ప్రోటీన్‌ను జపాన్ శాస్త్రవేత్తలు 2005లో కనిపెట్టి ఇజుమో అని పేరు పెట్టారు. పెళ్ళి సంబంధాలు కుదిర్చే దేవాలయంగా జపాన్‌లో పేరున్న చోటు అది. అండం మీద దానికి జతను 2014లో బ్రిటన్‌లో కనిపెట్టి జూనో అన్నారు. వివాహానికి అధిదేవత అయిన రోమన్ దేవత. అంటే సముద్రంలోనూ, గోదాలోనూ, కోట గోడల దగ్గరా తిరిగిన కథ ఇప్పుడు పెళ్ళిపందిట్లోకి వచ్చింది. ముళ్ళచేప నుంచి మనిషి దాకా ఎవరికీ తాళి కట్టకుండా జరిగిపోయే పనికి రెండు మతాల పెళ్ళి దేవతలు సాక్ష్యం. జీబ్రాచేప అండం మీద పరాయి జాతిని అడ్డుకునే ప్రోటీన్‌కు 2018లో బౌన్సర్ అని పేరు పెట్టారు. గుమ్మం దగ్గర నిలబడే మనిషి. కనీసం ఉద్యోగం ఇచ్చారు. ఇంకా చమత్కారం, ఎలుక అండం మీది జూనో కలయిక అయిన 40 నిమిషాల్లోపే పొర నుంచి రాలిపోతుంది. పెళ్ళి దేవతను పెళ్ళికాగానే అండమే పంపించేస్తుంది. పేరు పెట్టినవాళ్ళు ఇది ఊహించి ఉండరు.

అయితే అండం చురుకైనదని రుజువైంది కాబట్టి స్త్రీలు చురుకైనవాళ్ళు అనే వాదన నాకు సమ్మతం కాదు. రాణి తేనెటీగ ఒక్కసారి సేకరించిన శుక్రకణాలను ఏళ్ళ తరబడి సంచిలో దాచి, ఏ గుడ్డును కలపాలో ఏది వద్దో నియంత్రిస్తుంది, కలపని గుడ్డు మగ ఈగ అవుతుంది. వినడానికి హాయిగా ఉంటుంది. ఆడ బాతుల జననేంద్రియ మార్గంలో మెలికలు, మూసుకుపోయిన సంచులు ఉన్నాయని 2007లో ప్యాట్రీషియా బ్రెనన్ చూపించింది. అవి బలవంతపు సంభోగం ఎక్కువగా ఉన్న జాతుల్లో ఉన్నాయి. రాణి ఈగను నమూనాగా తీసుకుంటే మగ బాతును కూడా తీసుకోవాల్సి వస్తుంది. మన సమానత్వానికి జంతువుల సాక్ష్యం అక్కర్లేదు. జంతువుల గురించి మన సమాజం చెప్పే అబద్ధాన్ని పట్టుకోవడం వేరు, జంతువుల నుంచి తీర్పు తెచ్చుకోవడం వేరు.

మంచి ఉద్దేశంతో చెప్పే మాటలోనూ ఇదే ఇబ్బంది. 1905లో నెట్టీ స్టీవెన్స్ పిండిపురుగుల మీద పనిచేసి, లింగాన్ని నిర్ణయించే తేడా శుక్రకణంలో ఉందని చూపించింది. దీన్ని పట్టుకుని మన ఉపన్యాసాల్లో "ఆడపిల్ల పుట్టడం తల్లి తప్పు కాదు, తండ్రి వల్లే" అంటుంటాం. కొట్టబడుతున్న కోడలికి ఆ వాక్యం ఆ రాత్రి పనికొస్తుంది, కాదనను. కానీ ఆడపిల్ల తప్పు కావడం అందులో అలాగే ఉండిపోయింది. తప్పు మోసే మనిషి మాత్రమే మారాడు. అదే జ్ఞానం పశువుల దగ్గర ఎలా పనిచేస్తుందో చూడండి. ఎద్దు శుక్రకణాల్లో ఆడదూడనిచ్చే వాటికి డి.ఎన్.ఏ. దాదాపు 4 శాతం ఎక్కువ. ఆ తేడాతో వేరుచేసిన వీర్యం సూదులు ఇప్పుడు మన రైతులకూ అందుతున్నాయి. కొట్టంలో ఆడదూడ కావాలి, ఇంట్లో మగపిల్లాడు కావాలి. పాలెవరివో, ఆస్తి ఎవరిదో అదే నిర్ణయిస్తుంది.

ఇక ఈ వీరగాథ మొత్తం కూలిపోయిన చోటు ఒకటుంది, సంతాన సాఫల్య కేంద్రం లేబొరేటరీ. 1992లో బెల్జియంలో మొదటిసారి ఫలించిన ఇక్సీ పద్ధతిలో ఒక్క శుక్రకణాన్ని సన్నటి గాజు సూదితో ఎక్కిస్తారు. దానికి ముందు చేసే పని, తోకను నలిపి కదలకుండా చేయడం. ఈత లేదు, పోటీ లేదు, ఛేదించడం లేదు. అయినా పిల్లలు పుడుతున్నారు. ముందుకు దూకే ఆ తోక లేకుండానే కథ పూర్తవుతోంది. అక్కడ కర్త శుక్రకణం కాదు, అండమూ కాదు. సూది పట్టుకున్న చేయి, దాని వెనక డబ్బు. ఈ పద్ధతి ముఖ్యంగా మగవాళ్ళలోని లోపానికి పుట్టింది. అందుకోసం రోజుల తరబడి హార్మోన్ ఇంజెక్షన్లు చేయించుకునేది, మత్తుమందు తీసుకుని అండాలు తీయించుకునేది ఆడమనిషి. ఊళ్ళో ఆమె పేరు మాత్రం మారదు. పై పేరాల్లో గొడ్రాలు అన్న మాట దగ్గర ఆగింది అందుకే. 2021లో వచ్చిన అద్దెగర్భం చట్టం ప్రకారం పుట్టిన బిడ్డ కోరుకున్న దంపతుల సొంత బిడ్డ. అదే ఏడాది వచ్చిన సహాయక పునరుత్పత్తి చట్టం దాత నుంచి జీవితంలో ఒకేసారి, అదీ 7 అండాలకు మించకుండా తీసుకోవాలంది. ఈ పరిమితి అవసరమే. క్షేత్రం ఎవరిదో పంట వాళ్ళదన్న వాక్యాన్ని ఈ చట్టాల పక్కన పెట్టి మన న్యాయశాస్త్ర మిత్రులు ఎవరైనా వివరంగా రాస్తే బాగుంటుంది.

పాఠ్యపుస్తకాలు రాసే, అనువదించే స్త్రీలు మనలో ఉన్నారు. వాళ్ళలో ఒకరితో కూర్చుని ఫలదీకరణం అన్న మాటను ఏం చేయాలని మాట్లాడుకున్నాం. కొత్త మాట కల్పించడం కంటే వాక్యం మార్చడమే సులువనిపించింది. చివరికి మేం రాసుకున్నది ఇది: "అండం విడుదల చేసే రసాయనాలను బట్టి శుక్రకణాలు దిశ మార్చుకుంటాయి. అండం పైపొరా శుక్రకణం పైపొరా ఒకదాన్నొకటి గుర్తించి కలిసిపోతాయి. అండం వెంటనే మిగతా శుక్రకణాలు రాకుండా తన పొరను మార్చుకుంటుంది, ఆగి ఉన్న తన విభజనను పూర్తి చేస్తుంది. రెండిటి జన్యు పదార్థం కలిసి తొలి కణం ఏర్పడుతుంది." ఆవిడ దాన్ని రెండుసార్లు చదివి, ఇది రెండు మార్కుల ప్రశ్నకు మరీ పొడుగు, నాలుగు మార్కులు ఇవ్వాలంది.